తమిళం మాట్లాడే కొరియా పగ: పుదుచ్చేరి ప్రేక్షకులను కట్టిపడేస్తున్నదేమిటి?

కథ జరిగేది సియోల్ నగరంలో. పాత్రలు తినేది కిమ్చీ, తాగేది సోజు. వీధి పలకల మీద అక్షరాలు మన ప్రాంతంలో ఎవరూ చదవలేనివి. అయినా ఆ పాత్రలు నోరు విప్పితే వినిపించేది తమిళం. అన్యాయానికి గురైన ఒక సామాన్యుడు, ఏళ్ల తరబడి లోలోపల రగిలిన కోపం, చివరకు లెక్క తేల్చుకునే ఘడియ. కొరియన్ ప్రతీకార కథల స్థూల రూపం ఇదే. తమిళంలోకి డబ్ అయిన ఈ చిత్రాలు, ధారావాహికలు ఇప్పుడు పుదుచ్చేరి పట్టణంలోనూ ఇంటి టీవీకి, చేతిలోని ఫోనుకు చేరాయి. యువతరమే కాదు, ఉపశీర్షికలు చదివే అలవాటు లేని పెద్దలు కూడా వీటిని అనుసరించగలుగుతున్నారు.

వేల కిలోమీటర్ల దూరంలోని సమాజపు పగ తమిళ శ్రోతకు ఎందుకు సొంతదిలా అనిపిస్తుంది? హింస ఆకర్షిస్తుందనే సమాధానం చాలదు. హింసకు తమిళ, తెలుగు చిత్రాల్లోనూ కొరత లేదు. ఈ కథల ఆరంభం తమిళ ప్రేక్షకులకు బాగా తెలిసినది. ముగింపు మాత్రం వారు అలవాటు పడినది కాదు. ఆ రెండింటి కలయికలోనే అసలు ఆకర్షణ ఉంది.

పాంచాలి శపథం పుట్టిన ఊరు

ప్రతీకార కథ పుదుచ్చేరికి కొత్త కాదు. బ్రిటిష్ ప్రభుత్వం అరెస్టు చేసే ప్రమాదం ఏర్పడినప్పుడు మహాకవి సుబ్రహ్మణ్య భారతి 1908లో ఫ్రెంచి పాలనలోని ఈ పట్టణానికి చేరుకున్నారు. 1918 వరకు ఇక్కడే నివసించారు. తమిళ సాహిత్యంలో ప్రసిద్ధమైన ఆయన కావ్యం ‘పాంచాలి శపథం’ ఈ కాలంలోనే రూపుదిద్దుకుంది. మొదటి భాగం 1912లో వెలువడింది. నిండు సభలో అవమానం పొందిన ద్రౌపది, శత్రువుల నెత్తురు అంటే వరకు జుట్టు ముడవనని ప్రతిన పూనడంతో ఆ కావ్యం ముగుస్తుంది. పరాయి పాలనలో అవమానపడిన దేశమే ఆ పాంచాలి అని పాఠకులు అప్పటినుంచీ అర్థం చేసుకుంటూ వచ్చారు. భారతి నివసించిన ఇల్లు నేడు స్మారక మందిరం. అది ఉన్న వీధి పేరు ఈశ్వరన్ ధర్మరాజ కోయిల్ వీధి.

తమిళనాట ధర్మరాజ ఆలయమంటే సాధారణంగా ద్రౌపదిని అమ్మవారిగా కొలిచే గుడి. ఈ ఆరాధనకు పెద్ద కేంద్రంగా పేరున్న జింజీ పుదుచ్చేరికి ఎంతో దూరం కాదు. అక్కడి పల్లెల్లో రాత్రుళ్లు తెరుక్కూత్తు కళాకారులు భారత కథ ఆడతారు. ఉత్సవాల చివర ‘పడుకళం’ జరుగుతుంది. నేల మీద దుర్యోధనుడి భారీ మట్టి విగ్రహాన్ని పడుకోబెడతారు. భీముడి వేషధారి దాని తొడను గదతో మోదుతాడు. అప్పుడు ద్రౌపది విరబోసుకున్న జుట్టును ముడుస్తుంది. చిత్తూరు, తిరుపతి ప్రాంతాల్లో మహాభారత ఉత్సవాల ముగింపుగా జరిగే దుర్యోధన వధను చూసిన తెలుగువారికి ఈ దృశ్యం సుపరిచితమే.

తమిళులకు మరో మహా ప్రతీకార గాథ ‘శిలప్పదికారం’. చేయని దొంగతనానికి భర్త కోవలన్‌ను పాండ్యరాజు చంపిస్తాడు. కన్నగి ముందు చేతికి దొరికినదాన్ని పట్టుకుని నరకడానికి పోదు. రెండో అందెతో రాజసభకు వెళ్తుంది. తన అందెలో మాణిక్యాలు, రాణి అందెలో ముత్యాలు ఉన్నాయని సాక్ష్యంతో నిరూపిస్తుంది. తప్పు తెలుసుకున్న రాజు అక్కడే ప్రాణం విడుస్తాడు. మధురను కాల్చే మంట ఆ తరువాతిది. ముందు న్యాయం అడగడం, అది విఫలమైనందుకు రగిలిపోవడం అనే క్రమం తమిళ మనసులో ఎంతో కాలంగా నాటుకుని ఉంది. కొరియన్ కథల క్రమమూ చాలావరకు ఇదే.

భాషలోనూ ఈ భావానికి వేళ్లున్నాయి. తమిళంలో ‘పళి’ అనే ఒకే మాటకు నింద అనీ, పగ అనీ అర్థాలున్నాయి. మీద పడిన నిందను తీర్చుకోవడమే పగ తీర్చుకోవడం. కొరియన్‌లో ‘హాన్’ అనే మాట ఉంది. తీరని దుఃఖం, మింగుకున్న అవమానం, బయటపడని ఆక్రోశం కలిసిన భావం అది. దాన్ని మొత్తం కొరియా జాతి స్వభావంగా చెప్పడం అతిశయోక్తి అనే పండితులూ ఉన్నారు. అయితే ఆ మాటకు తమిళంలో ‘వయిట్రెరిచ్చల్’, తెలుగులో ‘కడుపుమంట’ దగ్గరగా నిలుస్తాయి. ఇంగ్లీషులో ఒక్క మాటలో చెప్పలేనిది ఇక్కడ వివరణ లేకుండానే అందుతుంది.

కొరియన్ ప్రతీకార చిత్రం ఎలా రూపొందింది

దక్షిణ కొరియా సినిమా ఇంత నిర్మొహమాటంగా మాట్లాడటం వెనుక ఒక చట్టపరమైన మలుపు ఉంది. సైనిక పాలనా కాలంలో అక్కడ సినిమాలపై ముందస్తు సెన్సారు కఠినంగా ఉండేది. అటువంటి ముందస్తు తనిఖీ రాజ్యాంగ విరుద్ధమని ఆ దేశ రాజ్యాంగ న్యాయస్థానం 1996లో తీర్పు ఇచ్చింది. మరుసటి ఏడాది ఆసియా ఆర్థిక సంక్షోభం కొరియాను కుదిపేసింది. సంస్థలు మూతపడ్డాయి, ఉద్యోగాలు పోయాయి, కుటుంబాలు అప్పుల్లో కూరుకుపోయాయి. మాట్లాడే స్వేచ్ఛ, మాట్లాడవలసిన బాధ ఒకేసారి వచ్చాయి.

దర్శకుడు పార్క్ చాన్-వూక్ తీసిన మూడు చిత్రాలను విమర్శకులు ప్రతీకార త్రయంగా పిలుస్తారు. వాటిలో మొదటిది 2002లో వచ్చిన ‘సింపతీ ఫర్ మిస్టర్ వెంజెన్స్’. వినికిడి శక్తి లేని ఒక కార్మికుడు అక్క మూత్రపిండ మార్పిడికి డబ్బు కోసం ఒక పసిపాపను అపహరిస్తాడు. పాప ప్రమాదవశాత్తు చనిపోతుంది. ఇక తండ్రి పగబడతాడు. ఇందులో దుర్మార్గుడు ఎవరో తేల్చడం కష్టం. ఇద్దరి దుఃఖమూ నిజమే.

రెండోది 2003 నాటి ‘ఓల్డ్‌బాయ్’. ఒక సాధారణ ఉద్యోగిని ఎవరో గదిలో 15 ఏళ్లు బంధిస్తారు. ఎందుకో చెప్పరు. ఒకరోజు హఠాత్తుగా వదిలేస్తారు. బంధించినవాడిని వెతుకుతూ వెళ్లిన అతడికి, తానే మరొకరి పగకు కారణమని తెలుస్తుంది. జపనీస్ బొమ్మల కథ ఆధారంగా తీసిన ఈ చిత్రానికి 2004లో కాన్ చలనచిత్రోత్సవంలో గ్రాండ్ ప్రి లభించింది. 2005లో వచ్చిన మూడో చిత్రం ‘లేడీ వెంజెన్స్’లో చేయని హత్యకు జైలుపాలైన యువతి బయటకు వచ్చి అసలు హంతకుడిని పట్టుకుంటుంది. కానీ శిక్షను తానొక్కతే నిర్ణయించదు. బిడ్డలను పోగొట్టుకున్న తల్లిదండ్రులందరినీ పిలిచి వారి ముందు పెడుతుంది.

ఆ తరువాత ‘ద మ్యాన్ ఫ్రమ్ నోవేర్’, ‘ఐ సా ద డెవిల్’ 2010లో వచ్చాయి. క్రమంగా ఈ కథలు వెండితెర నుంచి ధారావాహికలకు పాకాయి. ‘ఇటేవాన్ క్లాస్’లో తండ్రిని పోగొట్టుకున్న యువకుడు కత్తి పట్టడు. చిన్న తినుబండారాల దుకాణం తెరిచి, శత్రువు హోటళ్ల సామ్రాజ్యానికి పోటీగా ఎదుగుతాడు. ‘టాక్సీ డ్రైవర్’లో చట్టం నుంచి న్యాయం దొరకనివారి తరఫున ఒక టాక్సీ సంస్థ ముసుగులోని బృందం లెక్కలు తేలుస్తుంది. 2022 డిసెంబరులో మొదలైన ‘ద గ్లోరీ’లో బడిలో తోటి విద్యార్థుల చిత్రహింసలకు గురైన బాలిక పెద్దయ్యాక ఉపాధ్యాయురాలై, తనను హింసించిన స్త్రీ కూతురి తరగతిలోకే అడుగుపెడుతుంది.

ఈ కథల్లో గమనించదగిన పోలిక ఒకటి ఉంది. ప్రతీకారం తీర్చుకునేవారు పుట్టుకతో వీరులు కారు. నూరుమందిని ఒంటిచేత్తో కూల్చే బలం చాలామందికి లేదు. ఉన్నది ఓపిక, ప్రణాళిక, మరచిపోని జ్ఞాపకం. జీతం మీద బతికే ప్రేక్షకుడు తనను తాను పోల్చుకోగలిగేది ఇక్కడే.

దూరదర్శన్ నుంచి చేతి ఫోను దాకా

కొరియన్ ధారావాహికలు భారతీయుల ఇళ్లలోకి రావడం ఇటీవలి సంగతి కాదు. రెండు దశాబ్దాల కిందటే దూరదర్శన్ ‘ఎంపరర్ ఆఫ్ ద సీ’, ‘జ్యువెల్ ఇన్ ద ప్యాలెస్’ ధారావాహికలను హిందీలో ప్రసారం చేసింది. ఈశాన్యంలో, ముఖ్యంగా మణిపూర్‌లో, 2000లో ఒక వేర్పాటువాద సంస్థ హిందీ చిత్రాలపై నిషేధం విధించాక కొరియన్ చిత్రాలకు ఆదరణ పెరిగింది. తమిళంలో 2010ల నడుమ పుదుయుగం టీవీ ‘బాయ్స్ ఓవర్ ఫ్లవర్స్’ వంటి ధారావాహికలను డబ్ చేసి ప్రసారం చేసింది. ఆ కాలపు పాఠశాల, కళాశాల విద్యార్థులకు కొరియన్ ముఖాలు, ఇంటి వాతావరణం తమిళ గొంతుతోనే పరిచయమయ్యాయి.

ఆపై రెండు పరిణామాలు తోడయ్యాయి. చవకైన మొబైల్ డేటా ఒకటి, 2020 నాటి లాక్‌డౌన్ మరొకటి. 2019తో పోలిస్తే 2020లో భారతదేశంలో కొరియన్ ధారావాహికల వీక్షణ 370 శాతానికి పైగా పెరిగిందని నెట్‌ఫ్లిక్స్ సంస్థ ప్రకటించింది. 2020 ఫిబ్రవరిలో బాంగ్ జూన్-హో చిత్రం ‘పారసైట్’ ఉత్తమ చిత్రంతో సహా నాలుగు ఆస్కార్లు గెలుచుకుంది. ఇంగ్లీషేతర చిత్రానికి ఉత్తమ చిత్రం పురస్కారం రావడం అదే మొదలు. ఆ వెంటనే ఒక తమిళ నిర్మాత, 1999 నాటి విజయ్ చిత్రం ‘మిన్సార కన్నా’తో దానికి పోలిక ఉందని, న్యాయపోరాటం చేస్తానని ప్రకటించడం చర్చనీయమైంది. వాదనలో బలం ఎంత ఉన్నా, తమిళ పత్రికలు, టీవీ చర్చల్లో కొరియన్ సినిమా పేరు మారుమోగింది. 2021 సెప్టెంబరులో ‘స్క్విడ్ గేమ్’ రావడంతో ఆ ఆసక్తి ఇంటింటి విషయమైంది. 2024 డిసెంబరులో దాని రెండో భాగం వచ్చేనాటికి తమిళ, తెలుగు శబ్దాలూ సిద్ధంగా ఉన్నాయి.

పుదుచ్చేరి కేంద్రపాలిత ప్రాంతం నాలుగు ముక్కలుగా ఉంది. పుదుచ్చేరి, కారైకాల్‌లలో తమిళం, మాహేలో మలయాళం, కాకినాడ పక్కనున్న యానాంలో తెలుగు. ఒకే ప్రభుత్వం కింద ఉన్న పౌరులు ఒకే కొరియన్ ధారావాహికను వేర్వేరు భాషల్లో వినగలరు. చిత్రం మారదు, శబ్దం మాత్రమే మారుతుంది. ఆ శబ్దం ఎలా తయారవుతుందన్నదే తరువాతి ప్రశ్న.

నీ, నీంగ మధ్య దాగిన నాటకం

డబ్బింగ్ దక్షిణాదికి పాత విద్య. ఏవీఎం సంస్థ కన్నడ ‘హరిశ్చంద్ర’ను 1944లో తమిళంలోకి మార్చింది. తెలుగులో 1950 నాటి ‘ఆహుతి’ డబ్బింగ్‌కు మాటలు రాసింది మహాకవి శ్రీశ్రీ. తెరమీద పెదవులు కలిసిన చోట ప, బ, మ వంటి అక్షరాలు పడాలి. వాక్యం ముగిసే క్షణంలోనే నోరూ మూతపడాలి. అర్థం చెడకూడదు. ఈ మూడు కట్టుబాట్ల మధ్య మాటల రచయిత పని చేయాలి.

కొరియన్‌ను తమిళంలోకి తేవడంలో ఒక సౌకర్యం ఉంది. రెండు భాషల్లోనూ క్రియాపదం వాక్యం చివర వస్తుంది. ‘మీ నాన్నను చంపింది...’ అని ఆగి, చివరకు అసలు మాట వదిలే ఉత్కంఠ ఇంగ్లీషులో తలకిందులవుతుంది. తమిళంలో, తెలుగులో అది యథాతథంగా నిలుస్తుంది. ప్రతీకార కథల్లో నిజం బయటపడే వాక్యాలకు ఈ వరుస ఎంతో ముఖ్యం.

అంతకన్నా ముఖ్యమైనది మర్యాద. కొరియన్‌లో పెద్దవారితో, పరాయివారితో మాట్లాడే గౌరవ భాష వేరు, చనువుతోనో చులకనగానో వాడే ‘బన్మల్’ వేరు. యజమానికి ఏళ్ల తరబడి వంగి వంగి గౌరవ భాషలో జవాబిచ్చిన పనివాడు ఒక్కసారిగా బన్మల్‌లోకి దిగాడంటే, కత్తి బయటకు రాకముందే యుద్ధం మొదలైందని అర్థం. ఇంగ్లీషు ఉపశీర్షికలో రెండూ ఒకే ‘యూ’గా మిగులుతాయి. తమిళంలో ‘నీంగ’ నుంచి ‘నీ’కి, అక్కడి నుంచి ‘డా’కి జారినప్పుడు ఆ దెబ్బ చెవికి తగులుతుంది. తెలుగులో ‘మీరు’ పోయి ‘నువ్వు’ రావడం, ‘ఏరా’ అనడం కూడా అంతే.

వరుసలూ అలాగే పనికొస్తాయి. కొరియన్లు వయసులో పెద్దవారిని పేరుతో పిలవరు. ఆడపిల్ల అన్నను ‘ఒప్పా’ అంటుంది, మగవాడు అన్నను ‘హ్యాంగ్’ అంటాడు. అక్కకు ‘ఉన్నీ’, ‘నూనా’ అని రెండు మాటలు. 2021లో ఆక్స్‌ఫర్డ్ ఇంగ్లీషు నిఘంటువు కొత్తగా చేర్చుకున్న 26 కొరియన్ మాటల్లో ఇవి కొన్ని ఉన్నాయి. తమిళానికి ఆ అవసరం లేదు, అణ్ణన్, అక్క ఉన్నాయి. రక్తసంబంధం లేనివాడిని కూడా ‘అన్నా’ అని పిలిచే సమాజానికి, ఆ పిలుపును నమ్మి మోసపోవడంలోని నొప్పి వెంటనే తెలుస్తుంది. ప్రేమికుడిని ‘ఒప్పా’ అని పిలిచే చోట మాత్రం ‘అణ్ణా’ అనడం కుదరదు. అక్కడ మాటల రచయిత మరో దారి వెతుక్కోవాలి.

అమ్మను ‘ఒమ్మా’, నాన్నను ‘అప్పా’ అనడం విన్నప్పుడు తమిళ శ్రోతకు కలిగే ఆశ్చర్యం మరొకటి. ఇలాంటి పోలికలు చూసి అమెరికన్ మిషనరీ హోమర్ హల్బర్ట్ 1905లో కొరియన్, ద్రావిడ భాషల తులనాత్మక వ్యాకరణాన్ని రాశారు. 13వ శతాబ్దపు ‘సాంగుక్ యూసా’ గ్రంథంలో సముద్రం దాటి వచ్చి కొరియా రాజును పెళ్లాడిన హో హ్వాంగ్-ఓక్ అనే రాకుమారి కథ ఉంది. ఆమె తమిళ దేశపు బిడ్డ అని కొందరు, అయోధ్య బిడ్డ అని మరికొందరు నమ్ముతారు. భాషాశాస్త్రవేత్తలు మాత్రం రెండు భాషలకూ ఒకే మూలం ఉందనే వాదాన్ని అంగీకరించడం లేదు. వాక్య నిర్మాణం, మర్యాద పద్ధతులు కలవడానికి చుట్టరికం అక్కర్లేదు. డబ్బింగ్‌కు కావలసింది ఆ పోలికే.

పోగొట్టుకునేవీ ఉన్నాయి. కొరియాలో ప్రాంతీయ యాసలు పాత్ర ఊరును, తరగతిని చెబుతాయి. డబ్బింగ్‌లో అవి చెరిగిపోతాయి. కొరియన్ నుంచి నేరుగా కాక, మధ్యలో ఇంగ్లీషు పాఠం మీద ఆధారపడి రాసినప్పుడు, పైన చెప్పిన మర్యాద తేడాలు మొదటి అనువాదంలోనే జారిపోతాయి. వాటిని ముఖకవళికలు, సందర్భం చూసి మళ్లీ నిలబెట్టడం రచయిత నేర్పు. మంచి డబ్బింగ్‌కు, సాధారణ డబ్బింగ్‌కు తేడా అక్కడే తెలుస్తుంది.

చట్టం ఆగిపోయిన చోట

ఈ కథలన్నిటికీ ఇంధనం ఒక్కటే: చట్టం మీద అపనమ్మకం. అది ఊహ నుంచి మాత్రమే పుట్టినది కాదు.

కొరియాలోని హ్వాసాంగ్ ప్రాంతంలో 1986 నుంచి 1991 వరకు పదిమంది స్త్రీలు, బాలికలు హత్యకు గురయ్యారు. 2003లో వచ్చిన ‘మెమరీస్ ఆఫ్ మర్డర్’ ఆ కేసు ఆధారంగా తీసినదే. హంతకుడు ఎవరో 2019లో డీఎన్ఏ ఆధారంతో తేలింది. కానీ అప్పటికి ఆ నేరాలకు విచారణ గడువు ముగిసిపోయింది. అంతకన్నా బాధాకరం, ఆ హత్యల్లో ఒకదానికి ఏ పాపమూ ఎరుగని యువకుడు దాదాపు 20 ఏళ్లు జైల్లో గడిపాడు. 2020 డిసెంబరులో గాని అతడు నిర్దోషి అని న్యాయస్థానం ప్రకటించలేదు.

విచారణ గడువు అనే ఈ అంశం భారతీయ ప్రేక్షకులకు కొంత వివరణ కోరుతుంది. కొరియాలో హత్యానేరానికి 15 ఏళ్ల కాలపరిమితి ఉండేది. ఆ గడువు దాటితే హంతకుడు వీధిలో తిరిగినా విచారించలేరు. 2007లో దాన్ని 25 ఏళ్లకు పెంచి, 2015లో హత్యల విషయంలో పూర్తిగా రద్దు చేశారు. గడియారం ముల్లు మీద నడిచే ‘మాంటేజ్’ వంటి కథలు అందుకే పుట్టాయి. భారతదేశంలో హత్య వంటి తీవ్ర నేరాలకు అలాంటి గడువు లేదు. ఇక్కడ ప్రజలకు తెలిసిన బాధ వేరు. కేసు మూతపడదు, కానీ ఏళ్ల తరబడి వాయిదాలు నడుస్తాయి. అక్కడ గడువు తీరిపోవడం, ఇక్కడ తీర్పు రాకపోవడం. రెండు చోట్లా మిగిలేది అదే నిస్సహాయత.

సినిమా ఆ నిస్సహాయతను మార్చిన సందర్భమూ ఉంది. బధిర విద్యార్థులపై జరిగిన లైంగిక అత్యాచారాల నిజ కథతో 2011లో ‘సైలెన్స్‌డ్’ వచ్చింది. దర్శకుడు హ్వాంగ్ డాంగ్-హ్యూక్, తరువాత ‘స్క్విడ్ గేమ్’ తీసినది ఆయనే. చిత్రం రేపిన ఆగ్రహంతో కేసును మళ్లీ దర్యాప్తు చేశారు. చిన్నపిల్లలు, వైకల్యం గల స్త్రీలపై లైంగిక నేరాలకు విచారణ గడువును తొలగిస్తూ కొరియా పార్లమెంటు చట్టం మార్చింది. ఆ చిత్రం కొరియన్ పేరు మీదుగానే జనం దాన్ని ‘దోగాని చట్టం’ అన్నారు.

తమిళ తెర కూడా ఈ ప్రశ్నను ఏనాడో అడిగింది. 1981లో ‘సట్టం ఒరు ఇరుట్టరై’, అంటే చట్టం ఒక చీకటి గది, విజయం సాధించింది. అదే ఏడు చిరంజీవితో ‘చట్టానికి కళ్లు లేవు’గా తెలుగులోకి వచ్చింది. 2015 నాటి వెట్రిమారన్ చిత్రం ‘విసారణై’ గుంటూరులో తమిళ వలస కూలీలు పోలీసుల చేతిలో పడిన బాధను చూపింది. అలాంటి చిత్రాలు చూసిన ప్రేక్షకుడికి కొరియన్ ఠాణాలోని అలసత్వం గురించి ఎవరూ ప్రత్యేకంగా చెప్పనక్కర్లేదు.

రెండు దారుల ప్రయాణం

కొరియన్ కథలు డబ్బింగ్‌గానే కాక రీమేక్‌లుగానూ ఇక్కడికి వచ్చాయి. ‘ఓల్డ్‌బాయ్’ ఛాయలు హిందీ ‘జిందా’లో 2006లోనే కనిపించాయి. ‘ద మ్యాన్ ఫ్రమ్ నోవేర్’ 2016లో ‘రాకీ హ్యాండ్సమ్’ అయింది, ‘మాంటేజ్’ అదే ఏడు ‘తీన్’ అయింది. ‘బ్లైండ్’ 2021లో నయనతార నటించిన తమిళ ‘నెట్రికణ్’గా వచ్చింది. తెలుగులో ‘ఓ బేబీ’, ‘శాకిని డాకిని’ కొరియన్ మూలాలున్నవే.

రీమేక్‌లో ఊరు, పేర్లు, పాటలు మనవైపోతాయి. తరచూ ముగింపూ మెత్తబడుతుంది. డబ్బింగ్‌లో ఆ వీలు లేదు. భాష మాత్రమే మనది, నడక వారిది. అందుకే డబ్బింగ్ చూసిన ప్రేక్షకులు కొరియన్ కథన పద్ధతిని ఎక్కువగా ఒంటబట్టించుకున్నారు. 2024లో విజయ్ సేతుపతి ‘మహారాజ’ ఘన విజయం సాధించింది. కాలక్రమాన్ని ముక్కలుచేసి, అసలు గాయాన్ని చివరిదాకా దాచి, ప్రతీకారాన్ని ఆనందంగా కాక దుఃఖంగా చూపిన ఆ చిత్రాన్ని తమిళ, తెలుగు ప్రేక్షకులు తడబాటు లేకుండా అందుకున్నారు. ఆ రీతికి వారి కళ్లు అప్పటికే అలవాటు పడి ఉన్నాయని చెప్పవచ్చు.

పగ తీరిన మరునాడు

మన ప్రతీకార చిత్రాల్లో ప్రతినాయకుడు కూలిన క్షణమే పండుగ. సంగీతం పెరుగుతుంది, కుటుంబం మళ్లీ కలుస్తుంది, తెర పడుతుంది. పడుకళంలో ద్రౌపది జుట్టు ముడిచిన క్షణపు తృప్తి అది. కొరియన్ చిత్రాల్లో మంచివి తెరను అక్కడ దించవు. మరునాడు ఉదయం ఏమైందో చూపుతాయి. ‘ఐ సా ద డెవిల్’లో హంతకుడిని పట్టుకుని హింసించి వదిలిపెట్టే ఆట మొదలుపెట్టిన అధికారి, ఆ క్రమంలో తనవారిని మరింత పోగొట్టుకుంటాడు. గెలిచాక అతడికి మిగిలేది ఏడుపు. ‘లేడీ వెంజెన్స్’ తల్లిదండ్రులకు పగ తీరుతుంది గాని పిల్లలు తిరిగిరారు.

మహాభారతం తెలిసినవారికి ఇదీ పూర్తిగా కొత్త కాదు. యుద్ధం తరువాత స్త్రీపర్వం ఉంది. గెలిచిన ధర్మరాజు దుఃఖం ఉంది. ఉపపాండవులను పోగొట్టుకున్న ద్రౌపది ఉంది. వాణిజ్య సినిమా మధ్యలో వదిలేసిన ఆ భాగాన్నే కొరియన్ కథ గుర్తుచేస్తోంది. తెలుగులో సీమ పగల చిత్రాల వరుస తరువాత 2018లో ‘అరవింద సమేత’ కొట్లాట ఆపడం గురించి మాట్లాడింది. యుద్ధం ముగిసిన చోట మొదలయ్యే కథను వినే సిద్ధత ఇక్కడా ఉందని అది సూచించింది.

ఇది తెరకే పరిమితమైన చర్చ కాదు. 2019 డిసెంబరు 6న హైదరాబాద్ సమీపంలోని చటాన్‌పల్లి వద్ద దిశ కేసు నిందితులు నలుగురు పోలీసు కాల్పుల్లో మరణించినప్పుడు జనం పోలీసుల మీద పూలు చల్లారు. ఆ ఆనందం వెనుక ఉన్నది న్యాయం ఆలస్యమవుతుందనే భయమే. 2022లో బయటపడిన జస్టిస్ సిర్పూర్కర్ కమిషన్ నివేదిక, ప్రాణం తీసే ఉద్దేశంతోనే కాల్పులు జరిగాయని పేర్కొంది. విచారణ జరగకుండానే ముగిసిన కథలో నేరం ఎవరిది, ఎంత అన్న ప్రశ్నలకు న్యాయస్థానంలో జవాబు దొరికే అవకాశం పోయింది. హ్వాసాంగ్ కేసులో జైలుపాలైన నిర్దోషిని గుర్తు చేసుకుంటే, తొందరపాటు శిక్షకు చెల్లించే మూల్యం ఎంతటిదో తెలుస్తుంది.

ప్రతీకార కథ చూడడం వల్ల మనిషి హింసకు దిగుతాడని తేల్చి చెప్పలేం. తోచని కోపానికి ఒక రూపం ఇచ్చి, దాన్ని దూరం నుంచి చూసే వీలు కథ కల్పిస్తుంది. అయితే అన్ని చిత్రాలూ అందరికీ తగినవి కావు. ఈ కోవకు చెందిన అనేక చిత్రాల్లో చిత్రహింస, లైంగిక హింస, ఆత్మహత్య దృశ్యాలు తీవ్రంగా ఉంటాయి. 2021 నాటి సమాచార సాంకేతిక నిబంధనల ప్రకారం ఓటీటీ వేదికలు ప్రతి కార్యక్రమానికీ వయో వర్గీకరణ చూపాలి. యు/ఎ 13+, ఆ పై వర్గాలకు తల్లిదండ్రులు తాళం వేసుకునే ఏర్పాటు ఇవ్వాలి. ‘ఎ’ వర్గానికి వయసు నిర్ధారణ పద్ధతి ఉండాలి. భాష తమిళంలోకో తెలుగులోకో మారినంత మాత్రాన కథ పిల్లలదైపోదు. ఇంటిల్లిపాదీ కూర్చునే ముందు ఆ గుర్తును చూడటం అవసరం.

పుదుచ్చేరి వీధుల్లో పాంచాలి చేత శపథం చేయించిన కవి, ఆ కావ్యాన్ని శపథం వద్దే ఆపారు. నెత్తురు, జుట్టుముడి, ఆ తరువాతి శోకం ఆయన రాయలేదు. తమిళ గొంతుతో ఇంటికి వచ్చిన కొరియన్ కథ శపథంతో మొదలై ఆ శోకం దాకా నడుస్తుంది. ప్రేక్షకులను కూర్చోబెట్టేది మొదటిదైతే, చూసిన తరువాత వారితో మిగిలిపోయేది రెండోది.